నెల పట్టక ముందు వేసిన పూత

తిరుపతిలో మా అన్న ఇల్లు రెండంతస్తులు. ఉద్యోగం అయిపోయిన తర్వాత నేను కింది భాగంలో, వెనక గదిలో ఉంటున్నాను. తిండి వాళ్ళతోనే. వదిన పిలిచినప్పుడు వెళ్ళి కూర్చుంటాను, అన్న మాట్లాడుతుంటే వింటాను. చిత్తూరులో కొన్నేళ్ళు, ఇక్కడ కొన్నేళ్ళు పత్రికల్లో పనిచేసినవాడికి వినడం కష్టమేమీ కాదు.

ఇంటికి తూర్పున ఖాళీ జాగా ఉంది. చెన్నైలో ఉండేవాళ్ళెవరిదో. కంప పెరిగి ఉంటుంది. అడ్డం ఏమీ లేదు కాబట్టి ఇంటి తూర్పు గోడ కింది నుంచి పైదాకా మెయిన్ రోడ్డు మీద బస్సుల్లో పోయేవాళ్ళకు కూడా కనబడుతుంది. మాకు పెద్ద వానలు కార్తీకంలో వస్తాయి, తూర్పు నుంచే వస్తాయి. సముద్రంలో వాయుగుండం పట్టిందంటే మూడు రోజులు గాలీ వానా ఆ గోడనే కొడతాయి. ఇరవై ఏళ్ళు అలా కొట్టించుకుని గోడ నల్లబడింది. పాచి ఎండి, మళ్ళీ దాని మీద పాచి పట్టి, తారు పూసినట్టు ఉండేది. లోపలి వైపు, పై అంతస్తు పడకగదిలో సున్నం ఉబ్బి పెచ్చులుగా రాలేది. బీరువాలో పట్టుచీరలకు బూజు వాసన వచ్చేది.

ఆ ఏడు వానలు మరీ ఎక్కువ. ఒక వాయుగుండం పోయిందనుకునేలోపు ఇంకొకటి వచ్చింది. కార్తీకం వెళ్ళి మార్గశిరం వచ్చినా గోడ మీద చెయ్యి పెడితే చల్లగా, కుండ మీద పెట్టినట్టుండేది. అన్న రెవెన్యూలో పనిచేసి రిటైరయ్యాడు. ఎదురుచూడటం ఆయనకు అలవాటు లేదు, ఎదురుచూసేలా చేయడమే అలవాటు. ఒక ఉదయం గోడను చూసి, వాటర్‌ప్రూఫింగ్ సామాన్లు అమ్మే షాపుకు ఫోను చేశాడు. మర్నాడు మేస్త్రీ వచ్చాడు, వెంట అతని భార్య.

ఆ షాపు పద్ధతి ఇక్కడ చెప్పాలి. షాపాయన దగ్గర మేస్త్రీల జాబితా ఒకటి ఉంటుంది. గోడ కారుతోందని ఎవరు వచ్చినా ఆయన సామాను అమ్మి, జాబితాలో ఉన్న మేస్త్రీకి ఫోను చేసి పంపుతాడు. పేరు ఉంటే ఏడాది పొడవునా పని ఉంటుంది. లేకపోతే పొద్దున్నే సెంటర్లో నిలబడి, ఎవరు పిలిస్తే వాళ్ళ వెంట కూలికి పోవాలి. మా ఇంటికి వచ్చిన మేస్త్రీకి నలభై అయిదేళ్ళుంటాయి. చిత్తూరు అవతల, తమిళ సరిహద్దులో ఏదో పల్లె. ఇరవై ఏళ్ళు ఇంకొకరి కింద పనిచేసి, నాలుగు నెలల కిందే జాబితాలోకి ఎక్కాడు. ఆ నాలుగు నెలల్లోనే భార్యను సెంటర్లో నిలబడటం మాన్పించానని మొదటి రోజే మా వదినతో చెప్పాడు. ఫోను జేబులో పెట్టుకునేవాడు కాదు. మోగితే వినపడదేమోనని చేతిలోనే పట్టుకుని తిరిగేవాడు.

గోడను పైనుంచి కిందకు చూశాడు. వేళ్ళ కణుపులతో కొట్టాడు. అరచెయ్యి ఆనించి కాసేపు అలాగే ఉంచాడు.

"సార్, గోడ బాగా నీళ్ళు తాగుండాది," అన్నాడు. "ఇది రబ్బరు మాదిరి పూత. కుండకు మూత బిగించినట్టు బిగిస్తాది. లోపలి తడి ఇంగ యాడికి పోతాది? ఎండ తగిల్తే ఆవిరై పూతనే బయటికి తోస్తాది. ఒగ నెల ఎండనీండి. సంక్రాంతి పోయినాక వచ్చి సేస్తా."

"నెల పట్టేది ఎప్పుడో తెలుసునా నీకు?" అన్నాడు అన్న.

"తెలుసు సార్. ఇంగ తొమ్మిది దినాలు."

"శూన్యమాసంలో నా ఇంటికి సారం కట్టమంటావా?"

సారం అంటే గోడ పని కోసం కర్రలతో కట్టే పరంజా. నెల పట్టడమంటే ధనుర్మాసం రావడం. అది వచ్చిందంటే మా వైపు కొత్త పని ఏదీ మొదలుపెట్టరు. ఇల్లు మారరు, పెళ్ళిమాటలు మాట్లాడరు, గుంత తవ్వరు. గోడకు పూత వేయడం కూడా అందులోకి వస్తుందని ఎవరూ అనగా నేను వినలేదు. అన్న లెక్కలో వస్తుంది.

"నెలలో వద్దు సార్, నెల పోయినాకనే అంటాండా."

"నెల పోతానే మూఢం. మూఢం పోయేసరికి వైశాఖం. అంతవరకూ నా గోడను బస్సుల్లో వాళ్ళకు సూపించుకుంటా కూసోవాల్నా?"

మేస్త్రీ గోడ ఈశాన్యం మూల వైపు చూశాడు. "పోనీ, ఒగ పని సేద్దాం సార్. మంచి దినం సూసి ఈశాన్యం మూల ఒగ జానెడు పూస్తా. పని మొదలైనట్టే కదా. మిగతాది గోడ ఎండినాక."

వదిన గుమ్మంలో నిలబడి వింటోంది. "బాగానే ఉండాది కదా," అంది.

"నువ్వు లోపలికి పో," అన్నాడు అన్న. ఆమె వెళ్ళింది. ఆయన మేస్త్రీ వైపు తిరిగాడు. "నేనడిగింది పూత. నీ సలహా కాదు. దేవుడి దగ్గర దొంగలెక్కలు నాకు సెప్పొద్దు."

ఆ సాయంత్రం పోయేముందు మేస్త్రీ సంచీలోంచి పారదర్శకంగా ఉండే ప్లాస్టిక్ కవరు తీసి, చదరంగా కత్తిరించి, గోడ మీద రొమ్ము ఎత్తులో పెట్టి, నాలుగు వైపులా టేపు అంటించాడు. ఎందుకని అడిగాను. "గోడలో తడి ఉంటే పొద్దునకు లోపలి పక్క నీళ్ళు పడతాయి సామీ. నా మాట నమ్మబళ్ళేదు. గోడ మాట నమ్మితే సాలు," అన్నాడు.

మర్నాడు ఏడు గంటలకు అతని భార్య నా గది కిటికీ దగ్గరికి వచ్చి పిలిచింది. "సామీ, ఒగ్గసారి వచ్చి సూడండి." వెళ్ళాను. కవరు లోపలి వైపంతా నీటిబొట్లు. పైనుంచి వేలితో నొక్కితే బొట్లు కలిసి ధారగా కిందికి జారి టేపు దగ్గర నిలిచాయి. మూడు వేళ్ళు ఆనించి చూశాను. ఆ స్పర్శ ఇప్పటికీ నా చేతికి తెలుసు.

అన్న కాఫీ గ్లాసుతో వచ్చాడు. చూశాడు. గ్లాసు నా చేతికిచ్చి, కవరును ఒక్క లాగు లాగి పీకి, ఉండగా చుట్టి కంపలోకి విసిరాడు.

"పొద్దున్నే మంచు పడితే దేనిమీదైనా నీళ్ళుంటాయి."

"మంచు బయట పడతాది సార్. ఇవి లోపల ఉండినాయి."

"ఏమప్పా ఇంజినీరూ, మంచు యాడ పడతాదో నాకు సెప్తావా? షాపుకు ఫోను సేస్తా. వీనికి పని రాదు, వచ్చినోణ్ణి ఎవణ్ణన్నా పంపమంటా. సేయమంటావా?"

మేస్త్రీ తన చేతిలోని ఫోను వైపు చూసుకున్నాడు. షాపాయన అతన్ని పంపేటప్పుడు, ఆ వీధిలో పది ఇళ్ళున్నాయి, పెద్దమనిషి ఇల్లు సరిగ్గా చేస్తే మిగతావన్నీ నీకే అన్నాడట. అతని భార్య కొంగు బిగించుకుని, "పోదాం పా. లోకంలో ఈ ఒక్క ఇల్లేనా?" అంది.

"గమ్మునుండు మే," అన్నాడు మేస్త్రీ.

నేను కాఫీ గ్లాసు పట్టుకుని నిలబడి ఉన్నాను. గోడ ఎండేదాకా ఆగుదాం అని నేను అనవచ్చు. అనలేదు.

పని వారం రోజులు సాగింది. సరుగుడు కర్రలతో సారం కట్టి, ఇనుప బ్రష్షుతో పాచి గీకారు. భార్యాభర్తల ముఖాలు నల్లగా అయిపోయాయి, కళ్ళు మాత్రం కనిపించేవి. పగుళ్ళను ఉలితో వెడల్పు చేసి, పేస్టు నింపి, మీద వల గుడ్డ అంటించాడు. తర్వాత ప్రైమరు. మామూలు గోడ దాన్ని తాగేస్తుంది. ఇది తాగలేదు. తెల్లటి నీళ్ళు గోడ మీదుగా కారి కింద కంపలో పడ్డాయి. మేస్త్రీ పైనుంచి నా వైపు చూశాడు. నేను చూడనట్టు లోపలికి వచ్చేశాను.

ఆ మీద అసలు పూత. దోసెపిండి కంటే చిక్కగా ఉంటుంది. ఆమె బకెట్లో తిప్పి తిప్పి పైకి అందించేది. అతను మొదటి పూత పైనుంచి కిందికి వేశాడు. అది ఆరాక రెండో పూత అడ్డంగా వేశాడు. కిటికీ అంచుల కింద వేళ్ళతో పూశాడు. పైపు గోడలోకి పోయేచోట పాత బ్రష్షు వెంట్రుకలు కత్తిరించి, చిన్నది చేసుకుని పూశాడు. చెడిపోతుందని తెలిసిన పనిని అంత ఒళ్ళు దగ్గర పెట్టుకుని చేసే మనిషిని నేను అంతకుముందు చూడలేదు. నెల పట్టే ముందురోజు మధ్యాహ్నానికి సారం విప్పేశారు.

ధనుర్మాసం అంతా గోడ వెలిగిపోయింది. తెల్లవారుజామున గుళ్ళ మైకుల్లో పాశురాలు వినిపించే వేళకు కూడా, ఆ మంచులో అది ఒక్కటే తెల్లగా కనిపించేది. అన్న ఎవరు వచ్చినా ఖాళీ జాగాలోకి తీసుకుపోయి చూపించేవాడు. "నెల ఎండాలంట! వీళ్ళ మాట వింటే ఇల్లు కూలిపోయినాక వచ్చి పూస్తారు." వచ్చినవాళ్ళు నవ్వేవాళ్ళు. చలికాలం కాబట్టి గోడ ఏమీ మాట్లాడలేదు.

రథసప్తమి దాటి ఎండ గట్టిపడింది. ఒకరోజు పొద్దున రెండో అంతస్తు కిటికీ కింద పూత మీద పూరీ అంత బుడ్డ పొక్కులా లేచింది. మర్నాటికి దాని పక్కన నాలుగు. శివరాత్రికి గోడంతా బుడ్డలే. కొన్ని అరచెయ్యంత, కొన్ని తలగడంత. మధ్యాహ్నం బిగుసుకుని ఉబ్బేవి, సాయంత్రానికి వదులై చర్మంలా ముడతలు పడేవి. అన్న గొడుగు తీసుకుని, అందినంత ఎత్తులో ఉన్న ఒక బుడ్డను దాని మొనతో పొడిచాడు. సున్నపు నీళ్ళు సన్నగా కారాయి. ఆయన ముఖంలో కోపం లేదు. ఆఫీసులో ఎవరిదైనా తప్పు దొరికిన ఫైలు చేతికి వచ్చినప్పుడు ఎలా ఉండేదో అలా ఉంది.

ఆదివారం షాపాయనను, మేస్త్రీని రమ్మన్నాడు. పక్క ఇళ్ళవాళ్ళు ముగ్గురు నలుగురు కూడా వచ్చారు. అన్న పిలిచాడో, వాళ్ళంతట వాళ్ళే వచ్చారో నాకు తెలియదు. మేస్త్రీ, అతని భార్య ముందు వచ్చారు. షాపాయన ఇంకా రాలేదు. అన్న స్టీలు గ్లాసు ఒకటి తెప్పించి, ఇంకో బుడ్డను పొడిచి, కారిన నీళ్ళు పట్టాడు. గ్లాసులో పావువంతు వచ్చాయి.

"ఏమప్పా ఇంజినీరూ, సూడు. నీ సేతి పని. తీర్థం. పట్టు."

మేస్త్రీకి అర్థం కాలేదు. చెయ్యి చాచాడు. అన్న గ్లాసు వంచి అతని దోసిట్లో కొంచెం పోశాడు.

"తీస్కో. కొండ మీద ఇచ్చేది తీస్కోవా?"

పక్కింటివాళ్ళలో ఒకాయన నవ్వాడు. మేస్త్రీ అందరి ముఖాలూ చూశాడు. ఈ అవమానం మింగితే సారు చల్లబడతాడు, చేతిలో పని పోకుండా ఉంటుంది అని లెక్క వేసుకున్నట్టున్నాడు. దోసిలి నోటికి ఎత్తి తాగాడు. తాగి, తడి చెయ్యి అలవాటు కొద్దీ తలమీద తుడుచుకున్నాడు. అది చూసి అందరూ నవ్వారు. నా ముఖం మీద కూడా నవ్వు ఉంది. దాన్ని నేను తర్వాత తీసేశాను, అప్పటికి మాత్రం ఉంది. అతని భార్య ఒక్కతే నవ్వలేదు.

షాపాయన వచ్చాడు. గోడ దగ్గరికి వెళ్ళి, ఒక బుడ్డ అంచు గోరుతో ఎత్తి, వెనక వైపు చూశాడు. వాసన చూశాడు. వెనక్కి వచ్చి కుర్చీలో కూర్చున్నాడు.

"సార్, మా షాపులో ఒక కట్టుబాటు ఉండాది," అన్నాడు అన్నతో. "గోడ తడిగా ఉండాదని మేస్త్రీ సెప్పి, అయినా ఓనరు సేయమంటే తప్పు మేస్త్రీది కాదు. మీకు సామాను నేనే ఇచ్చి మళ్ళీ పూయిస్తా, ఇతని పేరూ ఉంటాది. సెప్పకుండా తడి మీద పూసుంటే మాత్రం అంతా ఇతనే గీకి, ఇతనే పూయాల. ఇంగ మా లిస్టులో ఉండడు."

"వాడేమీ సెప్పలా," అన్నాడు అన్న.

"సెప్పినా సార్!" మేస్త్రీ గొంతు మొదటిసారి పెరిగింది. "కవరు కట్టి సూపించినా. నీళ్ళు పడినాయి. ఈ సామిని అడగండి. వీరు సేత్తో పట్టి సూసినారు."

అందరూ నా వైపు తిరిగారు. వదిన గుమ్మం దగ్గర ఉంది. అన్న నన్ను చూడలేదు. గోడనే చూస్తున్నాడు. నా ముందు ఇంకా తాగని కాఫీ ఉంది. వదిన పెట్టిన కాఫీ.

షాపాయన నెమ్మదిగా అడిగాడు. "మీరు పేపర్లో పనిచేసినారు కదా సార్. మీ మాట మీద నిలబడతా. గోడ తడిగా ఉండాదని ఇతను సెప్పినాడా?"

"ఉండాదేమోనని మేస్త్రీ అన్నట్టుండాది," అన్నాను. "లేదని అన్న అన్నాడు. గోడల సంగతి నాకేం తెలుసప్పా."

"కవరు కింద నీళ్ళు సూసినారా?"

"పొద్దున పూట కదా. మంచు ఉండింది."

వార్త రాసేటప్పుడు ఇద్దరి మాటా వేయాలని నాకు నేర్పారు. కళ్ళతో చూసినదాన్ని కూడా ఇద్దరి మాటల మధ్య దాచవచ్చని ఎవరూ నేర్పలేదు. అది నేను సొంతంగా చేర్చుకున్నది. మంచు మాట అయితే నాది కూడా కాదు, అన్నది.

మేస్త్రీ భార్య నాలుగడుగులు ముందుకు వచ్చింది. "నిన్ను పిలిచి సూపించింది నేనే కదా సామీ. నోరుండాది కదా నీకు. అన్నానికేనా?"

"ఏయ్, పోమే ఆడికి," అన్నాడు అన్న.

షాపాయన లేచి చొక్కా సర్దుకున్నాడు. "గీకి పూసియ్యి," అన్నాడు మేస్త్రీతో. "సక్కగా సేస్తే మళ్ళీ సూద్దాం." ఆ చివరి మాటను మేస్త్రీ ఎంత గట్టిగా పట్టుకున్నాడో నేను తర్వాతి రెండు నెలలు చూశాను.

ఆమె మళ్ళీ మా వీధికి రాలేదు. సెంటర్లో నిలబడి కూలికి పోతోందని వదిన చెప్పింది. అతను ఒక్కడే సారం కట్టుకుని, ఒక్కడే గీకాడు. తూర్పు గోడ కాబట్టి పొద్దున ఆరింటి నుంచి పన్నెండు దాకా ఎండ వీపు మీదే. తడి ఉన్నచోట పూత పాము కుబుసంలా పొరలు పొరలుగా ఊడి వచ్చేది. వల గుడ్డ అంటించినచోట మాత్రం రాలేదు. అక్కడ అతను మరీ శ్రద్ధగా పనిచేశాడు కదా. ఉలి పెట్టి కొట్టాల్సి వచ్చేది, కొడితే సిమెంటు కూడా ఊడేది, ఊడినచోట మళ్ళీ మెత్తాలి. ఎంత బాగా పూశాడో అంత కష్టపడ్డాడు.

అన్న పొద్దున్నే కుర్చీ వేయించుకుని, గొడుగు తెరిచి ఖాళీ జాగాలో కూర్చునేవాడు. పేపరు చదువుతూ మధ్యలో తలెత్తేవాడు. "ఆడ. ఆడ కాదు. ఎడమ పక్క. కండ్లు లేవా?" దారిన పోయేవాళ్ళు ఆగితే మొత్తం కథ చెప్పేవాడు, తీర్థం సంగతితో సహా. మేస్త్రీకి పైకి అంతా వినిపిస్తుంది. ఒకరోజు ఉలి జారి అతని బొటనవేలు చీలింది. గోడ మీద నెత్తురు చారలు పడ్డాయి. "గోడకు మరకలు సేయొద్దు," అన్నాడు అన్న, పేపరు పేజీ తిప్పుతూ. మేస్త్రీ చొక్కా అంచు చించి వేలికి చుట్టుకుని, మిగిలిన గుడ్డతో గోడ తుడిచాడు.

నేను ఒకసారి మజ్జిగ తీసుకుని వెళ్ళాను. సారం మీద నుంచి, "ఆడ పెట్టండి సామీ," అన్నాడు. మర్యాదగానే అన్నాడు. సాయంత్రం చూస్తే గ్లాసు పెట్టినచోటే ఉంది, చీమలు పట్టి. నేనే తెచ్చి కడిగాను.

గీకడం పూర్తయ్యాక గోడను ఎండకు వదిలేశాడు. వైశాఖంలో, మూఢం పోయాక, ప్లాస్టిక్ కవరు మళ్ళీ అంటించాడు. మర్నాడు అన్నను పిలిచి చూపించాడు. లోపల ఒక్క బొట్టు లేదు. ఈసారి నన్ను పిలవలేదు. ప్రైమరు పెట్టీ పెట్టకముందే గోడ పీల్చేసింది. పూత మొదటిది నిలువు, రెండోది అడ్డం, అంతా మొదటిసారి లాగే. రోజూ పనయ్యాక ఫోను తీసి చూసుకునేవాడు. ఆఖరి రోజు సారం విప్పి, కర్రలు కట్టగట్టి, అన్నకు నమస్కారం పెట్టాడు. "షాపాయనకు ఒక మాట సెప్పండి సార్," అన్నాడు.

"సూద్దాంలే," అన్నాడు అన్న.

ఆ కార్తీకంలో మూడు వాయుగుండాలు వచ్చాయి. గోడ కదల్లేదు. పడకగదిలో సున్నం పొడిగా ఉంది. వదిన చీరలకు బూజు వాసన లేదు. ఒకరోజు భోజనాల దగ్గర అన్న అన్నం కలుపుకుంటూ, "ఆ నాయాలి చేత గీకించినా కాబట్టి నిలబడింది. లేకుంటే తడిగోడ మీదే పూసి పోయుండేవాడు," అన్నాడు. ఆయన అబద్ధం చెప్పడం లేదు. అప్పటికి ఆయన దాన్ని నమ్ముతున్నాడు. వదిన నా పళ్ళెంలో పప్పు వడ్డించి వెళ్ళిపోయింది.

మర్నాడు నేను షాపుకు నడిచి వెళ్ళాను. దారిలో చెప్పాల్సిన మాటలు సిద్ధం చేసుకున్నాను. షాపాయన ఒక్కడే ఉన్నాడు. కూర్చోమన్నాడు. కూర్చోకుండానే చెప్పాను. మేస్త్రీ మొదటి రోజే చెప్పాడని, కవరు లోపల నీళ్ళు నేను చూశానని, మంచు కాదని.

ఆయన ఆశ్చర్యపోలేదు. "నాకు తెలుసు సార్," అన్నాడు. "పూత వెనక పక్క సూస్తేనే తెలుస్తాది. పైగా పని మొదలుపెట్టే ముందే మేస్త్రీ నాకు ఫోను సేసి సెప్పినాడు, గోడ తడిగా ఉండాది, సారు ఇనడం లేదని. సూసి సేయిమన్నా."

"మరి నన్నెందుకు అడిగినావు?"

"మీ అన్న మాటను నేను కాదనలేను సార్. ఆ వీధంతా ఆయన మాట మీద నడుస్తాది. మీరు సొంత తమ్ముడు. మీ నోట్లో నుంచి వస్తే ఆయన కూడా గమ్మునుండేవాడు, నాకూ ఒగ దారి దొరికేది. మీరు మంచు అంటిరి."

"ఇప్పుడు సెప్తాండాను కదా. వాణ్ణి మళ్ళీ పిలువు."

"ఇప్పుడు యాడ సార్? ఆ చోట్లో ఇంకొకణ్ణి పెట్టుకుంటి. ఆయప్ప తడ ఊరి కాడ ఏదో ఫ్యాక్టరీలో షెడ్లకు రంగు కొడతాండాడంట, కాంట్రాక్టరు కింద. ఫోను నంబరు కూడా మారింది."

అప్పుడే ఒకాయన లోపలికి వచ్చాడు. చెప్పులు బురదగా ఉన్నాయి. వాళ్ళింటి గోడ లోపలికి నీళ్ళు కొడుతున్నాయని, పూత ఏదైనా నిజంగా పనిచేస్తుందా, ఊరికే మోసమా అని అడిగాడు. షాపాయన లేచి నిలబడ్డాడు.

"మోసమా? ఈ సార్ వాళ్ళింటి తూర్పు గోడ పోయి సూడండి. మెయిన్ రోడ్డు మీదకే కనిపిస్తాది. ఇన్ని వానలకు ఒక్క సుక్క లోపలికి పోలా."

"ఎవరు సేసినారు పని?"

"మా వాళ్ళే సార్. మా షాపు మేస్త్రీలే."

వచ్చినాయన నా వైపు తిరిగాడు. నమ్మదగిన మనిషినేనా అన్నట్టు ఒకసారి తేరిపార చూశాడు. "అవునా సార్? బాగా వచ్చిందా?"

షాపాయన నా ముఖంలోకి చూస్తున్నాడు.

"బాగా వచ్చింది," అన్నాను.